కోర్టులో సూట్ (దావా) ఉందని ఇంటి పర్మిషన్ ఆపేస్తారా?

నాన్నగారి 650 గజాల స్థలంలో ఇల్లు కట్టుకుందామని మున్సిపాలిటీలో ప్లాన్ పెడితే 20వ రోజున రిజెక్ట్ చేశారు. కారణం ఒక్క లైను: సివిల్ వివాదం పెండింగ్‌లో ఉందట.

20వ రోజే ఎందుకంటే, తెలంగాణలో ఇళ్ల పర్మిషన్ల కోసం 2020లో వచ్చిన టీఎస్-బీపాస్ చట్టం ప్రకారం 500 చదరపు మీటర్లు (దాదాపు 600 గజాలు) దాటిన స్థలాలకు 21 రోజుల్లో ఏదో ఒకటి తేల్చాలి. తేల్చకపోతే పర్మిషన్ ఇచ్చినట్టే లెక్క. జనాన్ని ఆఫీసుల చుట్టూ తిప్పకూడదని పెట్టిన గడువది. ఫైలు చదవనివాళ్లకి గడువు దగ్గరపడేసరికి రిజెక్ట్ కొట్టడమే సులువైంది.

వివాదం లేదని నేననను. మా పెదనాన్న కొడుకు వాటా కావాలని సూట్ వేశాడు. కట్టకుండా ఆపమని ఇంజంక్షన్ ఆర్డర్ అడిగితే కోర్టు ఇవ్వలేదు. కట్టొద్దని జడ్జిగారే అననప్పుడు టౌన్ ప్లానింగ్ సెక్షన్ ఎలా అంటుంది? పర్మిషన్ కాగితంతో ఎవరికీ హక్కు పుట్టదు. రేపు సూట్‌లో ఓడిపోతే కట్టినదాని నష్టం మేమే భరించాలి. అధికారి చూడాల్సింది కాగితాల మీద పైకి కనిపించే హక్కు, స్వాధీనం, ప్లాన్ రూల్స్‌కి లోబడి ఉందా లేదా. ఆ స్థలం అంతిమంగా ఎవరిదో తేల్చే పని సివిల్ కోర్టుది. ఈ మాట మన హైకోర్టు ఎన్నోసార్లు చెప్పింది. అయినా వినకపోతే, గిట్టనివాడు కోర్టు ఫీజు కట్టి ఓ సూట్ పడేస్తే చాలు, ఎవరి ఇల్లైనా ఏళ్ల తరబడి ఆగిపోతుంది!

రిజెక్షన్ మీద హైకోర్టులో రాజ్యాంగం 226 అధికరణం కింద రిట్ పిటిషన్ వేశాం. అప్పుడు మున్సిపాలిటీ కోర్టుకిచ్చిన జవాబు అఫిడవిట్‌లో (కౌంటర్‌లో) కొత్త కారణాలు పుట్టుకొచ్చాయి: రోడ్డు వెడల్పు చాలదట, లింక్ డాక్యుమెంట్ (స్థలం పాత దస్తావేజు) జతచేయలేదట. రిజెక్షన్ ఆర్డర్‌లో వీటి ఊసే లేదు. ఆర్డర్‌లో రాయని కారణాలని తర్వాత అఫిడవిట్‌లో తెచ్చి అతికించకూడదని 1977లోనే మొహిందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మా లాయరుగారు అదే పట్టుకున్నారు. అందుకే ఇలా తిరుగుతున్నవాళ్లకి చెప్తున్నాను, ‘అవ్వదండీ’ అన్న నోటిమాటతో వెనక్కి రాకండి. ఎందుకు అవ్వదో రాసిమ్మనండి. కోర్టులో మనకి పనికొచ్చేది ఆ కాగితమే.

గెలిచాం. రిజెక్షన్ కొట్టేశారు. కానీ కోర్టు పర్మిషన్ ఇవ్వదుగా, సూట్ సంగతి పక్కనపెట్టి నాలుగు వారాల్లో మళ్లీ పరిశీలించమంది. అంటే ఫైలు మళ్లీ అదే సెక్షన్‌కి, అదే టేబుల్ మీదికి. లాయరు ఫీజులు, పెరిగిన సిమెంటు, ఇనుము రేట్లు మా నెత్తిన. తప్పుడు ఆర్డర్ రాసినాయన జేబులోంచి రూపాయి పోలేదు. నాకు కడుపు మండేది ఇక్కడే. సొంత స్థలంలో గోడ లేపడానికి 70 ఏళ్ల మా నాన్నగారు హైకోర్టు మెట్లెక్కాలా?

కోర్టు ఆర్డర్ కాపీ మున్సిపాలిటీ ఇన్‌వర్డ్‌లో (కాగితాలు తీసుకునే చోట) ఇచ్చి స్టాంపు వేయించుకున్నాం. ఇవాళ్టికి 19వ రోజు. సైట్ చూడ్డానికి ఇంకా ఎవరూ రాలేదు.