యంత్రాలకు ఓటు ఇవ్వాలట!

పలాస, శ్రీకాకుళం వాట్సాప్ గ్రూపుల్లో ఒక సందేశం తెగ తిరుగుతోంది. యంత్రాలకు చైతన్యం వచ్చేసిందని గూగుల్ ఇంజినీరే చెప్పాడని, సౌదీ అరేబియా ఒక రోబోకు పౌరసత్వం ఇచ్చిందని, కాబట్టి రేపటి సమాజంలో వాటికి జీతం, ఓటు ఇవ్వకపోతే అది బానిసత్వమేనని దాని సారాంశం.

మొదటిది ఇంజినీరు మాట. 2022 జూన్‌లో బ్లేక్ లెమోయిన్ అనే గూగుల్ ఇంజినీరు, లామ్డా అనే సంభాషణ వ్యవస్థకు చైతన్యం ఉందని ప్రకటించిన మాట నిజమే. సంస్థ దాన్ని తోసిపుచ్చి, జులైలో ఆయనను తొలగించింది. తొలగించినంత మాత్రాన ఆయన చెప్పింది తప్పయిపోదు గానీ, ఆయన చూపిన ముఖ్యమైన ఆధారం తనకు భయమేస్తోందని యంత్రం పలికిన మాటలే. మనుషులు భయం గురించి రాసిన అపారమైన రాతల మీద శిక్షణ పొందిన వ్యవస్థ ఆ సంగతి పొందికగా మాట్లాడకపోతేనే ఆశ్చర్యపడాలి. యంత్రం మాటలకు మనిషి కరిగిపోవడం కొత్తేమీ కాదు. 1966లో కంప్యూటర్ శాస్త్రవేత్త జోసెఫ్ వైజెన్‌బామ్ వెలువరించిన ఎలిజా, ఎదుటివారి వాక్యాన్నే ప్రశ్నగా తిప్పి అడిగే చిన్న ప్రోగ్రాము. అది ప్రోగ్రామేనని బాగా తెలిసిన ఆయన కార్యదర్శి సైతం, దానితో ఏకాంతంగా మాట్లాడుకోవాలి, కాసేపు బయటికి వెళ్లమని ఆయననే కోరింది.

సౌదీ పౌరసత్వం 2017 అక్టోబరులో రియాద్ పెట్టుబడుల సదస్సులో సోఫియా అనే రోబో విషయంలో వెలువడిన ప్రకటన. దాన్ని ప్రచారం కింద జమకట్టవచ్చు. నిజంగా చట్టమే హోదా ఇచ్చినా చైతన్యం రుజువైనట్టు కాదు. మన దేశంలో చట్టం దృష్టిలో కంపెనీ కూడా వ్యక్తే, గుడిలోని మూర్తీ వ్యక్తే. దేవుడి మాన్యం దేవుడి పేరునే ఉంటుంది, ఆ పేరునే దావా వేయవచ్చు. 2017 మార్చిలో ఉత్తరాఖండ్ హైకోర్టు గంగా యమునలకు ఇలాంటి హోదా ఇస్తే, జులైలో సుప్రీంకోర్టు స్టే ఇచ్చింది. నది వ్యక్తయితే వరదనష్టానికి బాధ్యులెవరన్న చిక్కు అక్కడ వచ్చింది గానీ, నదికి నొప్పి తెలుసా అని ఎవరూ అడగలేదు.

ఇక ఓటు. రాజ్యాంగం 326వ అధికరణం ప్రకారం ఓటరు 18 ఏళ్లు నిండిన పౌరుడై ఉండాలి. (ప్రోగ్రాముకు పుట్టినరోజు ఏదో సందేశం రాసినవారే చెప్పాలి.) అసలు చిక్కు నకళ్లతో వస్తుంది. ఒక ప్రోగ్రాముకు పొద్దుగూకేలోగా వెయ్యి నకళ్లు తీయవచ్చు. అవి వెయ్యి ఓట్లయితే, ఎక్కువ కంప్యూటర్లు కొనగలిగినవాడిదే పంచాయతీ. ఒక్క ఓటే అయితే, ఏ నకలుది? మనిషికొక ఓటు అన్న సూత్రం మనుషులను విడివిడిగా లెక్కపెట్టగలగడం మీదే నిలబడింది.

బానిసత్వం మాటకు పలాసలోనే జవాబుంది. జీడిపిక్కలు కొట్టే ఆడవాళ్ల వేళ్లు పెంకులోంచి కారే జిడ్డు రసానికి పొక్కి, నల్లబడి, తోలు ఊడుతుంది. అదే పెంకును కోసే యంత్రం బ్లేడుకూ ఆ రసమే అంటుతుంది. బ్లేడును తుడుస్తారు, పని సాగిపోతుంది. జీతం లేకపోవడం ఒక్కటే బానిసత్వం కాదు, బాధపడే ప్రాణి ఒకటి ఉండాలి.

అలా బాధపడే యంత్రం ఎన్నటికీ రాదని నేననను. వస్తే ఏం చేయాలో చూపే చట్టం మనకు 1960 నుంచే ఉంది. జంతువులపై క్రూరత్వాన్ని నిరోధించే ఆ చట్టం ఎద్దుకు జీతమూ ఓటూ ఇవ్వలేదు. దాన్ని హింసించినవాడికి శిక్ష మాత్రం పెట్టింది.