పడని బంతికి పద్దు ఏది?

లోకంలో జరిగే అన్యాయాలలో కొన్ని మరీ పెద్దవి కావడం వల్లనే కంటికి ఆనవు. బాస్కెట్‌బాల్ రికార్డులు రాసే పద్ధతి అటువంటిది. గీత అవతల నుంచి విసిరిన బంతి రింగులో పడితే "త్రీ" అని మూడు పాయింట్లు ఇచ్చి, పేరు రాసి, తేదీ వేసి, తరాల తరబడి చెప్పుకుంటారు. పడకపోతే ఎవరో ఒకరు వెళ్ళి ఆ బంతిని తెచ్చుకోవాలి, అంతే. ఈ పక్షపాతం వల్ల విశాఖపట్నానికి, అందులోనూ బీచ్ రోడ్డుకు కూతవేటు దూరంలో ఉన్న మా కాలనీకి, రావలసిన ప్రపంచఖ్యాతి రాకుండా పోతున్నదని ఆధారాలతో సహా మనవి చేయడమే ఈ వ్యాసం ఉద్దేశం.

ముందుగా పోటీదారుల సంగతి చూద్దాం. 2018 మే 28న అమెరికా వృత్తి బాస్కెట్‌బాల్ లీగు ఎన్‌బీఏ పశ్చిమ విభాగం ఫైనల్ ఏడో ఆటలో హ్యూస్టన్ రాకెట్స్ జట్టు సొంత ఊళ్ళో, సొంత జనం ముందు, గోల్డెన్ స్టేట్ వారియర్స్ మీద వరసగా 27 త్రీలు విసిరి ఒక్కటంటే ఒక్కటి వేయలేకపోయింది. ఆట మొత్తం మీద 44 విసిరితే పడినవి 7. సగం ఆట ముగిసేసరికి 11 పాయింట్ల ఆధిక్యంలో ఉన్న జట్టు చివరికి 101-92 తేడాతో ఓడి ఇంటికి పోయింది. ఈ 27ను చూసి అమెరికాలో ఇప్పటికీ నోళ్ళు నొక్కుకుంటారు. ఆ సంఖ్యను మా కుర్రవాళ్ళు సాయంత్రం ఆరున్నరకు, పార్కు గేటు దగ్గర టీ చల్లారేలోపు, పెద్దగా ఆయాసపడకుండా దాటుతారు. ఇది నేను గొప్పకు చెప్పే మాట కాదు. మా వాచ్‌మన్ దగ్గర లెక్క ఉంది. ప్రహరీ దాటిపోయిన ప్రతి బంతికీ గేటు తాళం తీయవలసింది అతనే కనుక, ప్రపంచంలో పడని బంతులను నిజాయితీగా లెక్కపెట్టే ఏకైక అధికారి బహుశా అతనే అయి ఉంటాడు. "ముప్పై ఒకటి బాబూ, ఇంకా పడనేదు" అని అతను నింపాదిగా చెప్పే తీరులో వ్యాఖ్యాతల అరుపులూ కేకలూ ఉండవు. వాస్తవం మాత్రమే ఉంటుంది.

ఎన్‌బీఏలో షకీల్ ఓనీల్ వంటి మహాకాయుడు పంతొమ్మిది సీజన్ల జీవితంలో 22 త్రీలు విసిరి ఒక్కటి వేశాడు. అంటే పడనివి 21. పంతొమ్మిదేళ్ళలో ఇరవై ఒకటి! ఈమాత్రానికే ఆయనను ఆట పట్టించే వాళ్ళను చూస్తే జాలి వేస్తుంది.

ఈ సందర్భంలో మా వీధి చివర ఉండే సిద్ధాంతిగారి పరిశోధనను ప్రస్తావించకపోతే కృతఘ్నత అవుతుంది. ముహూర్తాలు పెట్టడం ఆయన వృత్తి. అమెరికాలో ఉన్న కొడుకు పుణ్యాన ఎన్‌బీఏ చూడడం వ్యసనం. ఒకనాడు పార్కు బల్ల మీద కూర్చుని ఆయన వేళ్ళు మడిచి చెప్పిన లెక్క ఇది. హ్యూస్టన్‌కు వరసగా పోయినవి 27, నక్షత్రాలు 27. 2012 నవంబరు 20న అయోవా రాష్ట్రంలోని గ్రిన్నెల్ కాలేజీ తరఫున జాక్ టేలర్ అనే కుర్రవాడు ఒక్క ఆటలో 138 పాయింట్లు చేశాడు. అందులో త్రీలు 27. గోల్డెన్ స్టేట్ తరఫున క్లే థాంప్సన్ 14 త్రీలు వేసి ఎన్‌బీఏ రికార్డు పెట్టిన రోజున కోర్టులో ఉన్నది 27 నిమిషాలు. ఇంతటితో ఆగితే కాకతాళీయం అనుకోవచ్చు. కాని టేలర్ ఆ రోజు విసిరిన త్రీలు 71, అందులో 27 తీసివేస్తే పడనివి 44. హ్యూస్టన్ వాళ్ళు విసిరిన త్రీలు 44. టేలర్ జట్టు మీద ఆడిన ఫెయిత్ బాప్టిస్ట్ బైబిల్ కాలేజీ కుర్రవాడు డేవిడ్ లార్సన్ విసిరిన షాట్లన్నీ కలిపి కూడా 44. "ఇరవై ఏడుకీ నలభై నాలుగుకీ మధ్య ఏదో బంధం ఉందండీ, శాంతి చేయిస్తే మంచిది" అని ఆయన అనగానే మా సంఘం కోశాధికారికి ఇంట్లో పొయ్యి మీద పాలు గుర్తుకు వచ్చాయి.

శాంతి సంగతి ఎలా ఉన్నా, ఆ లార్సన్ గతి చూస్తే మాత్రం కడుపు తరుక్కుపోతుంది. 44 షాట్లలో 34 వేసి, 70 పాయింట్లు చేసి, ఆ 70తో సహా 179-104 తేడాతో ఓడిపోయి, చరిత్రలో "ఆ రోజు టేలర్ మీద ఆడినవాడు"గా మిగిలిపోయాడు. అతను వేసినవి దాదాపు అన్నీ రెండు పాయింట్ల బుట్టలే. అంటే చెమటోడ్చి బుట్ట దగ్గరకు వెళ్ళి, నాలుగు షాట్లలో మూడు వేసినవాడికి పేరు లేదు. దూరంగా నిలబడి నలభై నాలుగు బంతులు పారేసినవాడికి పత్రికల మొదటి పేజీ. ఈ నీతి మనకు కొత్తదేమీ కాదు. మా కాలనీ సంఘంలో బావి పూడిక తీయించినవాడి పేరు ఎవరికీ తెలియదు. సముద్రం నీటిని మంచినీరు చేసి ఇంటింటికీ ఇస్తామన్నవాడు రెండుసార్లు అధ్యక్షుడయ్యాడు.

ఇక మా కుర్రవాళ్ళు ఈ దారిలోకి ఎలా వచ్చారన్నది చెప్పాలి. తప్పు గోల్డెన్ స్టేట్ ఆటగాడు స్టీఫెన్ కరీది. 2016 నవంబరు 4న లాస్ ఏంజలెస్ లేకర్స్ మీద అతను పది త్రీలు విసిరి ఒక్కటీ వేయలేదు. దానితో వరసగా 157 ఆటల్లో కనీసం ఒక్క త్రీ అయినా వేస్తూ వచ్చిన అతని పరంపర తెగిపోయింది. మూడు రోజుల తరువాత, అంటే నవంబరు 7న, న్యూ ఆర్లీన్స్ మీద 17 విసిరి 13 వేసి అప్పటికి ఎవరికీ లేని రికార్డు పెట్టాడు. రెండేళ్ళకు దానిని బద్దలు కొట్టిన క్లే థాంప్సన్ చరిత్ర కూడా ఇంతే. ఆ సీజన్ మొదటి ఏడు ఆటల్లో అతను 36 త్రీలు విసిరితే పడినవి 5. ఎనిమిదో ఆటలో, 2018 అక్టోబరు 29న, షికాగో మీద 24కు 14. దీని నుంచి విజ్ఞులు తీయవలసిన నీతి ఏమిటో నాకు తెలియదు గాని, మా కుర్రవాళ్ళు తీసిన నీతి స్పష్టంగా ఉంది: రికార్డుకు ముందు పడకపోవడం శాస్త్రోక్తం. ఆ మొదటి భాగాన్ని మూడేళ్ళుగా వాళ్ళు నిష్ఠగా పాటిస్తున్నారు. రెండో భాగం రావలసి ఉంది.

ఈలోగా రీళ్ళ ద్వారా వాళ్ళకు కీర్తి వచ్చే ఏర్పాటు కూడా జరిగింది. ఒకడు విసురుతుంటే ఇంకొకడు ఫోను పట్టుకుని నిలబడతాడు. తొంభై బంతులు పోతాయి, తొంభై ఒకటోది పడుతుంది, ఆ ఒక్కదానికే సంగీతం తగిలించి "మొదటి ప్రయత్నం" అని పెడతారు. హైదరాబాదులో ఉన్న మా మేనల్లుడు అటువంటిది ఒకటి చూసి, "మామయ్యా, మీ కాలనీలో బాగా ఆడుతున్నారే" అని ఫోను చేశాడు. ఆ రీల్లో, బంతి రింగులో పడిన మరుక్షణం, ఎడమవైపు మూలన ఎనిమిదేళ్ళ పిల్లవాడొకడు మోకాళ్ళదాకా కాలువ బురదతో సగం మాత్రమే కనిపించి మాయమవుతాడు. మిగిలిన తొంభైటినీ తెచ్చిపెట్టినవాడు అతనే. మేనల్లుడికి అతను కనిపించలేదట.

మా కోర్టు గురించి రెండు మాటలు. సముద్రం తూర్పున ఉంది, రింగు పడమటి కొసన ఉంది, సాయంత్రం గాలి వెనక నుంచి వీస్తుంది. అందువల్ల మంచి ఊపుతో విసిరిన బంతి బోర్డు మీదుగా ఎగిరి కాలువలోకి, సందేహిస్తూ విసిరినది తిన్నగా బోర్డుకు పోతుంది. ఉప్పుగాలికి రింగు తుప్పు పట్టి, నెట్ అనే పదార్థం దానికి ఒకప్పుడు ఉండేదని చెప్పే మూడు కొక్కేలు మాత్రం మిగిలాయి. 2014 అక్టోబరు 12న వచ్చిన హుద్‌హుద్‌కు స్తంభం కాస్త వంగింది. అప్పటి నుంచి అది ఊరి వైపు తిరిగి నమస్కారం పెడుతున్నట్టు ఉంటుంది. ఎన్‌బీఏలో మొట్టమొదటి త్రీ వేసిన ఘనత బోస్టన్ ఆటగాడు క్రిస్ ఫోర్డ్‌కు దక్కినది 1979 అక్టోబరు 12న అని నేను చెప్పినప్పుడు సిద్ధాంతిగారు నా వైపు చూసిన చూపు మరచిపోలేను.

అసలు చిక్కు గీతతో వచ్చింది. పెయింటు ఎప్పుడో పోయింది. గీత లేనిచోట త్రీ అన్నది లేదు, త్రీ లేనిచోట త్రీ పోవడం కూడా లేదు, కనుక మా రికార్డుకు చట్టబద్ధత కావాలంటే గీత కావాలి. అంతర్జాతీయ నియమాల ప్రకారం 2010 నుంచి ఆ దూరం 6.75 మీటర్లు, అంతకు ముందు 6.25. ఎన్‌బీఏలో ఎదుటివైపు 7.24 మీటర్లు, మూలల్లో 6.71. 1994లో అమెరికా వాళ్ళు గీతను అంతటా 6.71కి దగ్గరగా జరిపి, మూడు సీజన్లు చూసి, మళ్ళీ వెనక్కి తోశారు. మాకు అంత అధికారం లేదు కాబట్టి 6.75తో సరిపెట్టుకున్నాం. మూడో అంతస్తు పిన్నిగారు, సంక్రాంతికి రథం ముగ్గు ఒంటిచేత్తో వేయగల మనిషి, ముగ్గుడబ్బాతో దిగి వచ్చారు. రింగు కిందుగా ఒక పిల్లవాడిని నిలబెట్టి, బట్టలారేసే తాడు ఒక కొస వాడి చేతికిచ్చి, రెండో కొస తాను పట్టుకుని, చెయ్యి ఎత్తకుండా ఒక్క ధారలో గీత లాగారు. అంత చక్కని వంపు ఏ ఇంజనీరూ గీయలేడు. అయితే మధ్యలో వీధిలోకి ఐస్‌క్రీం బండి రావడంతో పిల్లవాడు ఒక అడుగు అటు జరిగాడు. అందుకే మా గీత ఎడమవైపు జానెడు లోపలికి ఉంటుంది. కుడి కొస కాలువలోకి దిగేచోట పిన్నిగారు ఖాళీగా ఉంచడం ఇష్టం లేక ఒక తామరపువ్వు కూడా వేశారు. సాయంత్రానికి గాలి ఆ గీతను చెరిపేసేది. ఉదయాన్నే ఆమె మళ్ళీ వేసేవారు.

ఇంతటి సన్నాహంతో ఒక ఆదివారం రికార్డు ప్రయత్నం పెట్టుకున్నాం. వరసగా ఎన్ని త్రీలు పడకుండా పోగలవో ఆ రోజు పదిమంది పెద్దల సమక్షంలో తేలాలి. ఆటగాళ్ళకు ఒక్కటే షరతు: కావాలని పోగొట్టరాదు, మనస్ఫూర్తిగా వేయడానికి ప్రయత్నించాలి. ఈ షరతు వల్ల ఇబ్బంది ఉండదని అందరికీ నమ్మకం. 2024 అక్టోబరు 22న బోస్టన్ సెల్టిక్స్ న్యూయార్క్ మీద 29 త్రీలు వేసి, 2020లో మిల్వాకీ పెట్టిన జట్టు రికార్డును అందుకుని, ఇక ముప్ఫయ్యోది వేద్దామని చివరి 13 ప్రయత్నాలూ పోగొట్టుకున్న వైనం నేను క్లుప్తంగా ఉపన్యసించాను. రికార్డు దగ్గర పడే కొద్దీ బంతి పడదన్నది దాని సారాంశం. మా విషయంలో అది అనుకూలాంశం.

ఇరవై ఎనిమిదో బంతి బోర్డు మీదుగా వెళ్ళిపోగానే చప్పట్లు కొట్టాం. హ్యూస్టన్ గతించింది. నలభై నాలుగో దానికి సిద్ధాంతిగారు లేచి నిలబడ్డారు. యాభై దాటాక పునుగులు వచ్చాయి. "అరవై రెండు బాబూ, పడనేదు" అన్నాడు వాచ్‌మన్.

అరవై మూడోది విసిరినవాడు ఇంటర్ రెండో సంవత్సరం చదివే కుర్రవాడు. మనిషి మంచివాడు, ఇప్పటికీ నేనతన్ని అనుమానించను. వేళ కాని వేళ అది. సముద్రపు గాలి ఆగి, నేల గాలి ఇంకా మొదలుకాని ఆ కాసేపట్లో ఆకు కూడా కదలలేదు. మూడేళ్ళుగా గాలిని లెక్కలో వేసుకుని విసరడం అలవాటైన బంతి, గాలి లేకపోయేసరికి ఎక్కడికి పోవాలో తెలియక, తిన్నగా వెళ్ళి రింగులో పడింది. నెట్ లేదు కనుక చప్పుడు కూడా రాలేదు. ఒక్కరూ మాట్లాడలేదు. కాలువ దగ్గర సిద్ధంగా ఉన్న ఎనిమిదేళ్ళవాడు మాత్రం తనకు ఈ పరిస్థితి కొత్త కావడంతో ఇప్పుడు ఏం చేయాలని మమ్మల్ని చూశాడు.

ముందుగా తేరుకున్నది మా కార్యదర్శి. పూర్వాశ్రమంలో ఆయన వకీలు గుమాస్తా. "కాలు గీత మీద ఉందేమో చూశారా?" అన్నారు. ఆలోచిస్తే ఆ మాటలో ఎంతో న్యాయం ఉంది. గీత తొక్కి విసిరితే అది రెండు పాయింట్ల బుట్ట. త్రీ ప్రయత్నమే కాదు. త్రీ కానప్పుడు మా అరవై రెండు చెక్కుచెదరకుండా ఉన్నట్టే, అరవై మూడోది ఇంకా విసరవలసే ఉన్నట్టు. అందరం గీత కోసం చూశాం. మధ్యాహ్నం నుంచి వీచిన గాలికి తామరపువ్వు రేకులు రెండు తప్ప ఏమీ మిగలలేదు. పిన్నిగారిని పిలిపించాం. "రేపు పొద్దున్న ఎక్కడ వేస్తానో అడగండి చెబుతాను గాని, ఇవాళ ఎక్కడ వేశానో నన్నడగకండి" అని ఆమె పొయ్యి మీద కూర ఉందని వెళ్ళిపోయారు.

చివరికి కుర్రవాడిని బల్ల మీద కూర్చోబెట్టి ఎడమ కాలు ఎత్తమన్నాం. బూటు అడుగున తెల్లగా ముగ్గుపిండి స్పష్టంగా ఉంది. కార్యదర్శి పుస్తకం తెరిచి కలం తీసేంతలో, కుడి కాలు కూడా చూడమని ఎవరో అన్నారు. దాని అడుగునా ఉంది. ఆ పక్కవాడి బూట్లకూ ఉంది. వరసగా అందరివీ ఎత్తించి చూశాం, ఫోను పట్టుకున్నవాడితో సహా. సిద్ధాంతిగారు ఎవరూ అడగకుండానే తన చెప్పులు తిరగేసి చూసుకున్నారు. కార్యదర్శిగారు కలం మూసి, తన చెప్పులు మాత్రం బల్ల కిందకు జరుపుకున్నారు.