ఊహకు సంతకం ఉండాలి

రచయిత ఎక్కడా పేరెత్తని ఒక పదార్థం, ఆ రచయిత నవలల్లో సృష్టించిన కల్పిత లోకంలో కాలాన్ని వంచుతున్నదా లేదా అని పాఠకులు పోట్లాడుకోవడం బయటివారికి వింతగానే ఉంటుంది. ఇటువంటి వాదాలు పుట్టే తీరు దాదాపు ఒక్కటే. కథలో ఒకచోట ఒక పాత్రకు ముసలితనం రాదు, మరొకచోట ఒక గదిలో గడిచిన రాత్రి బయట పన్నెండేళ్లుగా తేలుతుంది, ఈ రెంటికీ కారణం చెప్పకుండానే కథ ముందుకు సాగిపోతుంది. ఆ ఖాళీలో పాఠకుడు ఒక లోహాన్నో భస్మాన్నో నిలబెట్టి, దానికి పేరు పెట్టి, గుణాలు కట్టబెట్టి, కొన్నాళ్లకు అది గ్రంథంలో ఉన్నదేనని నమ్మడం మొదలుపెడతాడు. తిరుపతి కళాశాలల వసతిగృహాల్లో అర్ధరాత్రి దాకా సాగే ఈ ముచ్చట్లను పనికిమాలినవని కొట్టిపారేసే పెద్దలతో మేము ఏకీభవించము. చదివినదానికి ఆధారం అడిగే అలవాటు ఏ పుస్తకంతో మొదలైనా మంచిదే. మా అభ్యంతరమల్లా, ఊహించినవారు ఆ ఊహ కింద తమ సంతకం పెట్టడం లేదన్నదే.

ఈ మర్యాద తెలుగువారికి కొత్తది కాదు. పోతన భాగవతంలో అయిదవ స్కంధాన్ని గంగన, ఆరవదాన్ని సింగన, చివరి రెండు స్కంధాలను నారయ పూరించి, స్కంధాంత గద్యల్లో తమ పేర్లే చెప్పుకున్నారు. పోతన పేరు చాటున వారు దాక్కోలేదు కనుకనే ఆయన ఎక్కడ ఆగారో, మరొకరు ఎక్కడ అందుకున్నారో నేటికీ మనకు తెలుస్తున్నది. సంతకం లేకుండా చొరబడిన పద్యాలను ప్రక్షిప్తాలని తేల్చడానికి పండితులు పడిన శ్రమ అంతా ఇంతా కాదు. తాళపత్రాలతో జీవితమంతా గడిపిన వేటూరి ప్రభాకరశాస్త్రి చివరి దశలో పనిచేసినది ఈ ఊరి ప్రాచ్య పరిశోధన సంస్థలోనే. అదే భాగవతంలో కకుద్మి మహారాజు కూతురు రేవతికి వరుణ్ణి అడుగుదామని బ్రహ్మలోకానికి వెళ్లి, అక్కడ పాట ముగిసేదాకా కాసేపు ఆగి, విషయం విన్నవించేసరికి భూమిమీద 27 మహాయుగాలు దొర్లిపోయాయి. కాలం వంగిందని గ్రంథం చెప్పింది, ఏ పదార్థం వంచిందో చెప్పలేదు. బ్రహ్మలోకపు గాలిలో ఏదో రసాయనం ఉన్నదని ఎవరైనా వ్యాఖ్యానిస్తే ఆ తెలివికి ముచ్చటపడవచ్చు గాని, దాన్ని భాగవతం ఖాతాలో వేయకూడదు.

రచయితే స్వయంగా పదార్థాన్ని కల్పించినప్పుడు సంగతి వేరు. 1948లో విజ్ఞాన కల్పనల రచయిత ఐజాక్ అసిమోవ్ కల్పించిన థయోటిమోలిన్ అనే పదార్థం నీళ్లు పోయడానికి 1.12 సెకన్ల ముందే కరిగిపోతుంది. రసాయన పరిశోధన పత్రం వాలకంలో, పట్టికలతో సహా రాసిన ఆ పరిహాసం అచ్చయిన కొద్దికాలానికే కొలంబియా విశ్వవిద్యాలయంలో ఆయన డాక్టరేటు మౌఖిక పరీక్ష జరిగితే, పరీక్షకులు చివరి ప్రశ్నగా ఆ లేని పదార్థపు ఉష్ణగతిక ధర్మాలను అడిగి ఆయనను నవ్వించి పంపారు. అది కల్పన అని అడిగినవారికీ తెలుసు, అడిగించుకున్నవారికీ తెలుసు. ఎన్ని సెకన్లు ముందు, ఏ షరతు మీద అన్న కొలత ఉండబట్టే ఆ కల్పనకు ప్రాణం వచ్చింది. కొలత లేని మహిమ రచయిత ఇరుకునపడ్డప్పుడల్లా ఆదుకునే సాకుగా మిగులుతుంది.

వాదంలో చిక్కుపడ్డవారు భౌతికశాస్త్రాన్ని సాయం పిలవడం మరొక దురలవాటు. భౌతికశాస్త్రవేత్త ఫ్రాంక్ విల్చెక్ 2012లో ప్రతిపాదించిన కాలస్ఫటికాలను ఇందుకు తరచుగా వాడుకుంటున్నారు. వాటిలో ఒక అమరిక కాలంలో పదేపదే తిరిగి వస్తుందే తప్ప, అవి కాలాన్ని వంచవు, ఆపవు. నిజంగా కాలపు నడకను మార్చేవి వేగమూ గురుత్వాకర్షణా మాత్రమే. సముద్రమట్టానికి దాదాపు 850 మీటర్ల ఎత్తున ఉన్న తిరుమలలో ఒక అణుగడియారాన్నీ, కింద తిరుపతిలో మరొకదాన్నీ ఉంచితే, కొండమీదిది ఏడాదికి రెండు మైక్రోసెకన్లకు (మైక్రోసెకను అంటే సెకనులో పదిలక్షో వంతు) కాస్త పైగా ముందుంటుందని ఐన్‌స్టీన్ సూత్రంతో ఎవరైనా లెక్కకట్టవచ్చు. జీపీఎస్ ఉపగ్రహాల్లో ఈ తేడా రోజుకు సుమారు 38 మైక్రోసెకన్లు. దాన్ని సరిచేయకపోతే ఫోనులో మనం నమ్ముకున్న దారి మనల్ని ఎక్కడికో తీసుకుపోతుంది. ఇందులో భస్మం లేదు, లోహం లేదు, మింగవలసిన మాత్ర అంతకన్నా లేదు.

ఇంత పట్టింపు దేనికని అడిగేవారు రైస్ పుల్లింగ్ పేరిట జరిగే మోసాలను ఒకసారి తలచుకోవాలి. పిడుగు పడిన రాగిపాత్ర బియ్యపు గింజలను లాగుతుందనీ, దానిలో ఇరిడియం ఉన్నదనీ, అంతరిక్ష సంస్థలు కోట్లు పోసి కొంటాయనీ నమ్మబలికి, చదువుకున్నవారి చేత కూడా డబ్బు కట్టించుకున్నారు. ఇరిడియం నిజమైన మూలకమే, అంతరిక్ష సంస్థలూ నిజమైనవే, మధ్యలో అతికించిన మహిమ ఒక్కటే అబద్ధం. నవల చదివి వాదించుకునే పిల్లలను ఆ మోసగాళ్లతో జతకట్టడం మా ఉద్దేశం కాదు. కానీ ఉన్నదానికీ ఊహించినదానికీ మధ్య గీత గీయడం నేర్చుకోవడానికి, డబ్బు పోయే ప్రమాదమే లేని ఈ కల్పిత లోకాలకు మించిన చోటు దొరకదు.

ఐఐటీ, విజ్ఞాన విద్యా పరిశోధన సంస్థ ఐసర్ 2015 నుంచీ ఇక్కడే ఉన్నాయి, వెంకటేశ్వర విశ్వవిద్యాలయం అంతకు ముందు నుంచీ ఉన్నది. ఈ సంస్థల సాయంతో ప్రాంతీయ విజ్ఞాన కేంద్రం ఆ రెండు మైక్రోసెకన్ల లెక్కను తెలుగులో, పదో తరగతి పిల్లలకు అర్థమయ్యేలా ప్రదర్శనకు పెట్టాలని కోరుతున్నాము. అలాగే విశ్వవిద్యాలయ తెలుగు శాఖ తన విద్యార్థులతో పాటు ఈ నవలల పాఠకులను ఒక సాయంత్రం పిలిచి, ఆ వివాదాస్పద పదార్థం మీద వాదానికి కూర్చోబెట్టవచ్చు. ప్రతి మాటకూ పుట సంఖ్య చెప్పాలనీ, చెప్పలేనప్పుడు ‘ఇది నా ఊహ’ అని ముందే ఒప్పుకోవాలనీ షరతు పెడితే చాలు.