కుర్చీలో ఎవరు కూర్చోవాలో ఎవరు చెప్పాలి?

టీవీ విలేకరి రాబిన్ డే వచ్చాకే బ్రిటిష్ టీవీలో నాయకులకు చెమటలు పట్టాయని అందరూ చెప్పే కథ. 1955లో బీబీసీకి పోటీగా ప్రైవేటు చానల్ ఐటీవీ రావడం, దానికి వార్తలందించే ఐటీఎన్ విలేకరులు మొహమాటం లేకుండా అడగడం, 1958లో ప్రధాని మాక్‌మిలన్‌ను డే గుచ్చి గుచ్చి ప్రశ్నించడం, అన్నీ నిజాలే. అసలు తగవు మాత్రం అంతకుముందే, చర్చలో ఎవరు కూర్చోవాలన్న కుర్చీల దగ్గర మొదలైంది.

1950లో బీబీసీ 'ఇన్ ద న్యూస్' చర్చ ప్రారంభించింది. అందులో స్థిరపడిన నలుగురు లేబర్ పార్టీ మైకేల్ ఫుట్, కన్సర్వేటివ్ పార్టీ రాబర్ట్ బూత్‌బీ, డబ్ల్యూ.జె. బ్రౌన్, చరిత్రకారుడు ఏ.జె.పి. టేలర్. ఫుట్, బూత్‌బీ సొంత పార్టీలకే కొరకరాని కొయ్యలు, బ్రౌన్ స్వతంత్రుడు. పార్టీ రాసిచ్చిన జవాబు చేతిలో లేనివాడు ఎదుటివాడి మాట వినాలి, అక్కడికక్కడే తిప్పికొట్టాలి. వారం వారం అదే నలుగురు కావడంతో ఎవరి వాదన ఎక్కడ డొల్లో మిగతావారికి తెలుసు. ఆ చర్చ రక్తి కట్టింది అందుకే.

వీళ్లు మా గొంతు కాదని పార్టీలు పట్టుబట్టాయి. బీబీసీ తలొగ్గి, విధేయులైన ఎంపీలను వంతులవారీగా పిలిచింది. చర్చ చప్పబడింది: వచ్చినవాడు పార్టీ పాఠం అప్పజెప్పి వెళ్తాడు, నిర్వాహకుడు గడియారం చూసుకుంటాడు. పాత నలుగురూ 1955లో ఐటీవీ 'ఫ్రీ స్పీచ్'లో తేలారు.

పార్టీల వాదన తీసిపారేయదగ్గది కాదు. అప్పట్లో ఉన్నది ఒకే చానల్, అందులో తిరుగుబాటుదారులే కనిపిస్తే లక్షల ఓట్లు పడ్డ ప్రధాన స్రవంతికి చోటేది? సరే. కానీ ఆ స్రవంతికి పార్టీ ప్రసారాలు ఎలాగూ ఉన్నాయి.

మనిషి ఎంపిక చాలక సమయాన్నీ బిగించారు. పార్లమెంటు చర్చించబోయే అంశాన్ని రెండు వారాల ముందు నుంచి టీవీ, రేడియోల్లో ముట్టుకోకూడదన్న పద్నాలుగు రోజుల నిబంధనను, 1955 జూలైలో ప్రసారాల బాధ్యత చూసే మంత్రి (పోస్ట్‌మాస్టర్ జనరల్) చార్లెస్ హిల్ అధికారిక ఆదేశంగా జారీ చేశారు. మరుసటి ఏడాది సూయజ్ కాలువ కోసం బ్రిటన్ ఈజిప్టు మీదికి సైన్యాన్ని పంపిన సూయజ్ సంక్షోభం వచ్చింది. దేశమంతా మాట్లాడుతున్నదే స్టూడియోలో నిషిద్ధమంటే నవ్వులాటే. డిసెంబర్‌లో నిబంధనను పక్కన పెట్టారు, మళ్లీ తేలేదు.

సమయం మీద పట్టు అలా పోయింది. మనిషి ఎంపిక మీద పట్టు మాత్రం ఊళ్లు దాటి మన దాకా వచ్చింది. 2023 సెప్టెంబర్‌లో ఇండియా కూటమి 14 మంది యాంకర్ల కార్యక్రమాలకు ప్రతినిధులను పంపబోమని జాబితా ప్రకటించింది. యాంకర్ల తీరు గురించి బోలెడు వాదించుకున్నాం. చర్చకు ఎవరు రావాలో పార్టీ కార్యాలయాలే ఎందుకు తేల్చాలన్న ప్రశ్న మాత్రం పెద్దగా వినబడలేదు.