మా ఇంటి తొలగింపుల శాఖ

మా టీవీ కింద అరచేతిలో ఇమిడేంత బూడిదరంగు డబ్బా ఒకటుంది. నాలుగేళ్లుగా దాని నిర్వహణ నాది. ఆడుతున్నాను అనలేదు, గమనించండి. ఆడటానికేముంది, ఎవరైనా ఆడతారు, మా తొమ్మిదేళ్ల వాడు కూడా ఆడతాడు. చూసుకోవడానికే ఒక మనిషి కావాలి, అదీ కాస్త చదువుకున్న మనిషి, రాత్రి పదకొండు దాటాక కూడా లాప్‌టాప్ ముందు కూర్చోగలిగిన మనిషి. ఈ సేవకి జీతం లేదు, పింఛన్ లేదు, ఇంట్లో మర్యాద అసలే లేదు.

తెలియనివాళ్ల కోసం చెబుతాను. దాని పేరు సూపర్ ఎన్ఈఎస్ క్లాసిక్. 1990ల నాటి గేమ్ మెషీన్‌ని నింటెండో వాళ్లు బొమ్మంత చేసి 2017 సెప్టెంబర్‌లో 80 డాలర్లకి అమ్మారు. పైన క్యాసెట్ పెట్టే మూత ఉన్నట్టే ఉంటుంది, కానీ అది ఉత్తుత్తి మూత, తెరుచుకోదు. ముందు జాయ్‌స్టిక్ గుచ్చే పోర్టులు కూడా వట్టి బొమ్మలే, ఆ ముక్క ఊడదీస్తే వెనక అసలువి ఉంటాయి. లోపల 21 ఆటలు. కంపెనీ లెక్క ప్రకారం ఒక సంసారానికి 21 చాలు.

మనకి చాలదు. మన తరం పెరిగింది 9999999 ఇన్ 1 క్యాసెట్‌తో. గుర్తుందా? పసుపు రంగు క్యాసెట్, లోపలి అంచులో ఉఫ్ అని ఊది పెడితే గానీ పలికేది కాదు, జాబితా చూస్తే కిందికి దిగేకొద్దీ దిగుతూనే ఉండేది, తీరా ఆడితే అదే మారియో, అదే కాంట్రా, ఒకచోట మొదటి లెవెల్ నుంచి, ఇంకోచోట మూడో లెవెల్ నుంచి. తొంభై తొమ్మిది లక్షల ఆటలని నమ్మి వేసవి సెలవులన్నీ నాలుగు ఆటలు ఆడిన వాళ్లం మనం. అలాంటి వాడి చేతిలో ఇప్పుడు నిజంగా వందల ఆటలు పట్టే డబ్బా పెడితే ఏమవుతుంది? కరువు చూసినవాడు పెళ్లి భోజనంలో కూర్చున్నట్టే అవుతుంది.

డబ్బాని తెచ్చింది డాలస్‌లో ఉండే మా బావమరిది. "ఖాళీ మెషీన్ కాదు బావా, మోడ్ చేసి తెచ్చా, పట్టినన్ని కూరాను" అన్నాడు. మోడ్ చేయడమంటే మరేం లేదు, క్లస్టర్ అనే మారుపేరుతో ఒక రష్యన్ ప్రోగ్రామర్ 2017లో హక్చి2 అని ఒక సాఫ్ట్‌వేర్ వదిలాడు, దాన్ని లాప్‌టాప్‌లో తెరిచి, డబ్బాని యూఎస్‌బీ తీగతో కలిపి, రీసెట్ బటన్ నొక్కి పట్టుకుని పవర్ వేస్తే తలుపు తెరుచుకుంటుంది. లోపలున్న మొత్తం స్టోరేజీ 512 ఎంబీ. ఈ రోజుల్లో ఫోన్‌లో పెళ్లి వీడియో ఒకటి దానికంటే పెద్దది. కానీ ఆ కాలం ఆటలు ఒక్కోటి అర ఎంబీ, ఒక ఎంబీ, అన్నిటికంటే లావుపాటివి ఆరు. అందుకే మా వాడు 312 ఆటలు కూరగలిగాడు. అన్నీ తన దగ్గరున్న అసలు క్యాసెట్ల నుంచి తీసుకున్నవేనని ప్రమాణం చేశాడు. ఇలా ఆటలు పెట్టుకున్న ప్రపంచంలోని ప్రతి మనిషీ అదే ప్రమాణం చేస్తాడు కాబట్టి నేను నమ్మాను.

ఇక తొలగింపు సంగతి. 312లో ఏదైనా ఆడదామని కూర్చుంటే ఎంచుకోవడానికే ఇరవై నిమిషాలు పడుతోంది, ఈలోపు అన్నానికి పిలుస్తున్నారు. కాబట్టి కొన్ని తీసేద్దామని సదుద్దేశంతో, ఒక ఆదివారం, నా లాప్‌టాప్‌లో హక్చి పెట్టుకుని కూర్చున్నాను. మొదటి గంట తీగతోనే సరిపోయింది. ఇంట్లో ఏడు యూఎస్‌బీ తీగలున్నాయి, ఏడూ ఛార్జింగ్‌కి మాత్రమే పనికొస్తాయి, డేటా వెళ్లదు, అన్నీ చూడటానికి అక్కచెల్లెళ్లలా ఉంటాయి. ఎనిమిదో తీగ మా అమ్మ బీపీ మెషీన్ పెట్టెలో దొరికింది. అది పనిచేసింది. అమ్మకి ఆ రోజు బీపీ చూడలేదు, నాకు చూసుంటే బాగుండేది.

తెర మీద ఎడమవైపు ఆటల జాబితా, ఒక్కోదాని పక్కన టిక్ పెట్టే గడి. నా లాప్‌టాప్ కొత్తది కదా, జాబితాలో బావమరిది ఆటలు ఒక్కటీ లేవు. సరే, అలవాటవుతుందని ఉత్తినే ఒక ఆట అందులో చేర్చి, టిక్ పెట్టి, సింక్రనైజ్ నొక్కాను. పచ్చగీత చకచకా నిండింది. పని అయిపోయింది అంది. తీగ పీకి టీవీకి పెట్టి చూద్దును కదా, బావమరిది కూరిన 312 ఆటలు లేవు. వాటి చోట నేను చేర్చిన ఒక్కటే ఉంది. ఈ సాఫ్ట్‌వేర్ ధర్మం ఏమిటంటే లాప్‌టాప్ జాబితాలో టిక్ ఉన్నదే డబ్బాలో ఉండాలి, మిగతాది పోవాలి. టిక్ లేనివాడు లేనట్టే. రేషన్ కార్డు సర్వే ఇంతకంటే దయగా ఉంటుంది.

"ఏవండీ, తీసేయడం ఇంత తేలికా?" అంది మా ఆవిడ, అటక మీదున్న నా పాత పత్రికల కట్టల వైపు చూస్తూ. నేను విననట్టు ఊరుకున్నాను.

అయితే ఆ జలప్రళయంలోనూ చెక్కుచెదరని వాళ్లున్నారు. కంపెనీ పెట్టి పంపిన 21 మంది. వాళ్లని తీసేయడం కుదరదు, దాచడమే కుదురుతుంది. టిక్ తీసేస్తే మెనూలో కనిపించరు, లోపల మాత్రం వాళ్ల కుర్చీలో వాళ్లు కూర్చునే ఉంటారు, వాళ్ల చోటు ఎవరికీ ఇవ్వరు. నాకీ ఏర్పాటు ఎక్కడో చూసినట్టే అనిపించింది. పర్మనెంట్ ఉద్యోగిని తీసేయలేక పనిలేని సీటుకి బదిలీ చేసినట్టు. వాళ్లలో స్టార్ ఫాక్స్ 2 కథ మరీ చిత్రం: 1990ల మధ్యలో దాదాపు పూర్తయ్యాక కంపెనీ దాన్ని విడుదల చేయకుండా పక్కన పెట్టేసింది, ఇరవై ఏళ్లు దాటాక ఈ డబ్బాలో పోస్టింగ్ ఇచ్చింది. అది కూడా ఊరికే రాదు, ముందు మొదటి స్టార్ ఫాక్స్‌లో ఒక లెవెల్ గెలిస్తేనే తెరుచుకుంటుంది. అన్నేళ్లు ఎదురుచూసి ఉద్యోగంలో చేరినవాడిని నా చేత్తో దాచలేకపోయాను.

బావమరిది మళ్లీ ఫోల్డర్ పంపాడు, 312 మళ్లీ వచ్చాయి, ఈసారి నా లాప్‌టాప్ గుండా, పద్ధతిగా. అప్పుడు మొదలైంది అసలు పని. ముందు ఒక ఆటకి మూడు అవతారాలున్నాయని తేలింది, అమెరికాది, యూరప్‌ది, జపాన్‌ది. యూరప్ టీవీలు సెకనుకి 50 సార్లే బొమ్మ మార్చేవి కాబట్టి అక్కడి ఆటలు చాలావరకు నత్తనడక నడుస్తాయి, వాటికి టిక్ తీసేశాను, దుఃఖం లేదు. జపాన్‌వి ఒక్క ముక్క అర్థం కాదు, అయినా తీయబుద్ధి కాలేదు, ఎప్పుడైనా జపనీస్ నేర్చుకోవచ్చు కదా. ఆ తర్వాత మాడెన్ వచ్చింది.

మాడెన్ అంటే అమెరికన్ ఫుట్‌బాల్. మా ఇంట్లో ఎవరికీ దాని రూల్స్ తెలియవు, మా వీధిలోనూ తెలియవు. అందులో 93 ఉంది, 94 ఉంది, 95, 96, 97, 98 ఉన్నాయి. ఏటా ఒకటి, మన పంచాంగంలాగా. పాత పంచాంగాన్ని ఏం చేస్తాం? ఆలోచించకుండా పారేయాలి. కానీ టిక్ మీద మౌస్ పెట్టేసరికి చెయ్యి ఆగింది. రేపు ఎవరైనా అమెరికా నుంచి వస్తే? వాళ్లు మాడెన్ 97 అడిగితే? మన ఇంట్లో లేదని ఏ మొహం పెట్టుకుని చెబుతాను? ఇలా ఆరింటికీ వాయిదా పడింది. చివరికి 97 ఒక్కదాన్ని, మనసు రాయి చేసుకుని, తీసేశాను. మర్నాడు ఆఫీసులో పని మీద మనసు నిలవలేదు.

మీరు అనుకుంటారు, తీసేశాక అయిపోయినట్టే కదా అని. కాదు. ఆట పోయినా అది దాచుకున్న సేవ్ ఫైళ్లు, అంటే ఎక్కడిదాకా ఆడామో ఆ లెక్క, లోపలే ఉంటాయి. హక్చిలో సేవ్ స్టేట్ మేనేజర్ అని ఇంకో కిటికీ తెరిస్తే వరసగా కనిపిస్తారు, చనిపోయినా పింఛన్ జాబితాలో పేరున్న పెద్దల్లాగా. మాడెన్ 97 పేరున కూడా ఒక సేవ్ ఉంది. అంటే ఎవరో ఆడారు. మా ఇంట్లో. విచారణ జరిపాను. ఎవరూ ఒప్పుకోలేదు. మా తొమ్మిదేళ్ల వాడు మాత్రం "బాల్ పట్టుకుని పరిగెత్తితే అందరూ మీద పడతారు నాన్నా, భలే ఉంటుంది" అన్నాడు.

ఫోల్డర్ల గురించి ఎక్కువ చెప్పను. అన్నీ ఒకేచోట పోస్తే మెనూ ఉక్కిరిబిక్కిరై సీ7 అని ఎర్రర్ చూపించి పడకేస్తుంది, కాబట్టి అక్షరాల ప్రకారం ఫోల్డర్లు కట్టాలి, తరవాత రకాల ప్రకారం కట్టాలి, తరవాత రకాల ప్రకారం కట్టినవి నచ్చక మళ్లీ అక్షరాల ప్రకారం కట్టాలి. ఒక్కో ఆటకి అట్టబొమ్మ వెతికి అతికించాలి. మా డబ్బాలో ఒక కార్ రేసు ఆటకి చేపలు పట్టే ఆట బొమ్మ పడింది, అది సరిచేయడానికి రెండు రాత్రులు పట్టింది. ఆ రెండు రాత్రులూ నేను చాలా సంతోషంగా ఉన్నానన్నది ఇక్కడ రికార్డు కావాలి.

ఇన్ని నెలల కృషి తర్వాత 312ని 140కి దించాను. ఒక్కో ఫోల్డర్‌లో 20. అట్టబొమ్మలన్నీ ఒకే సైజు. టీవీలో మెనూ పెట్టి సోఫాలో కూర్చుని అలా చూస్తూ ఉండిపోయాను. "సర్దడం అయిందిగా, ఇక ఆడుకోండి" అని మా ఆవిడ జాయ్‌స్టిక్ చేతిలో పెట్టింది. ఆడితే సేవ్ పడుతుంది, సేవ్ పడితే బ్యాకప్ పాతబడుతుంది, మళ్లీ తీగ, మళ్లీ రీసెట్. ఇవన్నీ ఆవిడకి చెప్పి ప్రయోజనం లేదని జాయ్‌స్టిక్ మా అబ్బాయికిచ్చాను. వాడు 140 ఆటలూ దాటుకుంటూ వెళ్లి, కంపెనీ ఇచ్చిన సూపర్ మారియో వరల్డ్ పెట్టాడు. వాడు రోజూ ఆడేది అదొక్కటే.

నిన్న రాత్రి బావమరిది ఫోన్. "ఇంకా తీసేస్తున్నావా బావా? ఓటీజీ హబ్ అనే జాయింటు ఒకటి తగిలించి పెన్‌డ్రైవ్ గుచ్చెయ్, హక్చి దాంట్లోంచి కూడా ఆడిస్తుంది. ఇక జాగా గోలే ఉండదు."

64 జీబీది ఆర్డర్ పెట్టాను, గురువారం వస్తుందట. మాడెన్ 97 టిక్ ఇప్పుడే మళ్లీ పెట్టాను. యూరప్ వాళ్లని కూడా పిలుస్తున్నాను.