కొమ్మ కొట్టమంటే చెట్టునే మోడు చేసి పోయారు

ఇప్పుడే చూసి వచ్చాను, ఒళ్లు మండిపోతోంది. మా వీధి మలుపులో ఉన్న పెద్ద కానుగ చెట్టు తల మొత్తం తీసేశారు. కరెంటు తీగలకు అడ్డం వస్తోందట. తీగలు పోయేది ఒక్క పక్కన, వీళ్లు కొట్టింది నాలుగు పక్కలా! మూడు మొండి కొమ్మలు మిగిలాయి, వాటికి ఒక్క ఆకు లేదు.

అదీ ఏప్రిల్ నెలలో. ఎండలు ముదిరేలోపే పాత ఆకు రాల్చి లేత ఆకుతో నిండిపోయే చెట్టు కానుగ. నడివేసవిలో మన వీధులకు ఇంత చిక్కటి నీడ ఇచ్చే చెట్లు ఎన్ని ఉన్నాయి? సరిగ్గా ఆ నీడ కావలసిన రోజుల్లోనే రంపం పట్టుకుని దిగారు. గాలివానలు వచ్చేలోపు లైన్లు చూసుకోవాలి, ఒప్పుకుంటాను. కొమ్మ తీగ మీద పడితే ప్రాణాలు పోతాయి. తీగకు తగిలే కొమ్మను కొట్టవద్దని ఎవరన్నారు? అవతలి పక్క ఇంటి గోడ మీదికి ఒరిగిన కొమ్మ ఏ తీగకు అడ్డం వచ్చింది?

కొట్టిన తీరు చూస్తే కడుపు తరుక్కుపోతుంది. నా నడుమంత లావున్న కొమ్మను పైనుంచి మాత్రమే కోశారు. సగం తెగేసరికి బరువుకు అదే విరిగి, కాండం మీది బెరడును బారెడు పొడవున చీల్చుకుంటూ కిందికి దిగింది. లోపలి చెక్క తడితడిగా బయటపడి ఎండకు ఆరుతోంది. ముందు అడుగు భాగాన ఒక గాటు పెట్టి, దానికి కాస్త అవతల పైనుంచి కోసి బరువు దించేసి, మిగిలిన ముక్కను చివర్లో తీస్తే బెరడు చీలదు. మూడు కోతలు, అంతే. ఆ చివరి కోతకూ ఒక చోటు ఉంది. కొమ్మ కాండంలో కలిసే దగ్గర ఉబ్బెత్తుగా మెడ లాంటి భాగం కనిపిస్తుంది. దాన్ని తాకకుండా దాని అంచున కోయాలి, ఎందుకంటే గాయాన్ని మూసే కొత్త కణజాలం పుట్టేది అక్కడే. మన ఒంటికి మానినట్టు చెట్టుకు గాయం మానదు. దెబ్బతిన్న చెక్కను లోపలే వేరు చేసి, దాని చుట్టూ కొత్త చెక్క పెంచుకుంటుంది. అమెరికా శాస్త్రవేత్త అలెక్స్ షైగో వేల చెట్లను నిలువునా కోసి చూసి చెప్పిన సంగతి ఇది, చెప్పి దశాబ్దాలు గడిచాయి. మన వీధి దాకా రాలేదు.

పని చేయించిన మేస్త్రీని నిలదీస్తే, "మళ్లీ చిగురిస్తుంది లెండి" అన్నాడు. ఈ మాట వినీ వినీ విసిగిపోయాను. ఆకు లేని చెట్టు ఆహారం ఎక్కడి నుంచి తెచ్చుకుంటుంది? దాచుకున్నదంతా ఖర్చుపెట్టి గుత్తులు గుత్తులుగా నీటి కొమ్మలు తోస్తుంది. అవి బెరడు కింది నుంచి పుట్టుకొచ్చేవి, పాత కొమ్మకు ఉన్న పట్టు వాటికి ఉండదు. పైగా కోసిన మొండి కుళ్లుతుంటే దాని అంచునే బలిసి, కొన్నేళ్లకు గాలివానలో పెళ్లున విరిగి పడతాయి. అప్పుడు చెట్టు ప్రమాదకరమంటూ మొదలంటా నరుకుతారు! ముదిరిన చెట్టుకు ఒక్కసారిగా పచ్చదనంలో నాలుగో వంతు తీయడమే ఎక్కువ. వీళ్లు మొత్తం తీశారు.

ఆ నీడలో ఇస్త్రీ బండి పెట్టుకున్న ఆయన ఇవాళ పాత దుప్పటి ఒకటి కర్రలకు కట్టుకుని నిలబడ్డాడు. ముందు బొగ్గుల వేడి, నెత్తిన ఎండ. ఆయనకు ముందుగా ఒక్క మాట చెప్పిన వాళ్లు లేరు.

చెట్టు నరకాలంటే అనుమతి తీసుకోవాలని 2002 నాటి వాల్టా (నీరు, భూమి, చెట్ల) చట్టం ఉంది. నరకడం అనకుండా కొమ్మలు కొట్టడం అని రాసుకుంటే ఇక అడిగే దిక్కు లేదు. మనకు చేతకాదా అంటే, మహబూబ్‌నగర్ పిల్లలమర్రికి చెదలు పడితే 2018లో సెలైన్ సీసాలు వేలాడదీసి బొట్టు బొట్టుగా మందు ఎక్కించారు, ఒరిగిన కొమ్మలకు ఊతాలు నిలిపారు. వీధి చెట్టుకు అంత సేవ అక్కరలేదు. కోత తెలిసిన ఒక్క మనిషి దగ్గరుంటే చాలు.

అసలు ఈ చెట్టు మీద కక్ష ఇవాళ్టిది కాదు. మా అపార్ట్‌మెంట్ సంఘంలో ఏటా అదే గోల, పూలు రాలి కార్లు పాడవుతున్నాయని. ఆ కార్లను ఆ నీడలోనే పెట్టుకుంటారు, ఆ చెట్టునే తిడతారు! వీధిలో సిమెంటు రోడ్డు వేసినప్పుడు, మట్టి కనిపిస్తే బురదవుతుందని పట్టుబట్టి కాండాన్ని ఆనుకునే సిమెంటు పోయించింది కూడా మా వాళ్లే. వేర్లకు గాలి ఆడదు, వాన నీరు చుక్క దిగదు, కాండం లావెక్కడానికి చోటు లేదు, వద్దని మొత్తుకున్నాను. ఢిల్లీలో చెట్ల చుట్టూ మీటరు మేర సిమెంటు తీసేయాలని జాతీయ హరిత ట్రిబ్యునల్ 2013లోనే ఆదేశించిందని చెప్పాను. "అది ఢిల్లీ కదండీ" అని నోరు మూయించారు.

ఆదివారం సంఘం సమావేశం ఉంది. పైన ఆకు లేదు, కింద నీరు దిగదు, ఈ ఎండాకాలం అది బతకాలంటే ముందు ఆ సిమెంటు పోవాలి. పగలగొట్టించే ఖర్చు సంఘం నిధుల్లోంచే ఇవ్వమంటాను. పోసిన రోజున డబ్బులు తీసింది అందులోంచే. ఈసారి నా నోరు మూయించడం వాళ్ల వల్ల కాదు.