రిట్ వెనక్కి తీసుకోవాలా, తేల్చుకోవాలా?

ఊహకు తీసుకున్న కేసు ఇది. రాణీగంజ్ పైపుల వ్యాపారికి 2022-23కి జీఎస్టీ చట్టం 73వ సెక్షన్ (మోసం ఆరోపణ లేని బకాయిలకు వాడేది) కింద 18 లక్షల పన్ను పడింది, కేంద్రం వాటా సీజీఎస్టీ, రాష్ట్రం వాటా ఎస్జీఎస్టీ చెరిసగం. విచారణకు పిలవకుండానే ఆర్డరును మార్చి 5న పోర్టల్‌లో 'అడిషనల్ నోటీసెస్' కింద పెట్టేశారు. దాన్ని కొట్టేయమని ఏప్రిల్‌లో తెలంగాణ హైకోర్టులో రిట్ వేశారు, స్టే రాలేదు. ఇవాళ మే 20.

ఆడిటర్: రిట్ ఉపసంహరించుకుందాం మేడమ్. అప్పీలు గడువు మూడు నెలలు, జూన్ 5తో సరి. ఆపైన రికవరీకీ దారి తెరుచుకుంటుంది. మన ఖాతాలోంచి బకాయి కట్టమని బ్యాంకుకు డీఆర్‌సీ-13 నోటీసు వెళ్లిందంటే చెక్కులు వెనక్కొస్తాయి.

లాయర్: ఇంత మంచి పాయింటు వదిలేస్తామా సార్? వ్యతిరేకంగా ఆర్డరు ఇచ్చేటప్పుడు మనం అడక్కపోయినా విచారణకు పిలవాలని జీఎస్టీ చట్టం 75(4) చెబుతోంది. సహజ న్యాయం దెబ్బతింటే ప్రత్యామ్నాయ మార్గం ఉందన్నది రిట్‌కు అడ్డు కాదని 1998లో వర్ల్‌పూల్ కేసులోనే సుప్రీంకోర్టు తేల్చింది. పైగా హైకోర్టు ఈ ఆర్డరును కొట్టేసి, మళ్లీ విచారించమని కింది అధికారికి పంపగలదు. అప్పీలు అధికారికి 107(11) ఆ వీలివ్వలేదు. మన ఇన్‌వాయిసులు ఇంతవరకు ఎవరూ చూడలేదు. అప్పీలుకెళ్తే కింది అధికారి ముందు వాదించుకునే ఒక మెట్టు పోతుంది.

ఆడిటర్: ఇన్‌వాయిసులు అప్పీల్లో చూపిద్దాం. కొత్త సాక్ష్యానికి జీఎస్టీ 112వ రూల్ అడ్డే, కానీ తగిన అవకాశం ఇవ్వకుండా ఆర్డరు వేస్తే అదే రూల్ మినహాయింపు ఇస్తుంది. పన్నులో 10 శాతం, అంటే 1.8 లక్షలు కడితే మిగతా రికవరీ 107(7) కింద దానంతటదే ఆగుతుంది. వడ్డీ, పెనాల్టీ మీద ముందు కట్టేదేమీ లేదు. స్టే కోసం ఎవరినీ బతిమాలక్కర్లేదు.

లాయర్: ఇంకో వాయిదా చూద్దాం. సరికాని చోట నిజాయితీగా పోరాడిన కాలాన్ని గడువులో లెక్కపెట్టకూడదన్న లిమిటేషన్ చట్టం 14వ సెక్షన్ సూత్రంతో, రిట్‌లో గడిచిన కాలాన్ని మినహాయించమని అడగొచ్చు కదా?

ఆడిటర్: అడగొచ్చు, వాదించాలి. గడువులో వేసిన అప్పీలుకు ఆ వాదనే అక్కర్లేదు. ఆలస్యానికి కారణం చూపిస్తే ఇంకో నెల, అంతే. జూలై 5 దాటితే అధికారి చేతులు కట్టేసినట్టే. కాకినాడ నుంచి వెళ్లిన గ్లాక్సో వ్యాట్ కేసులో 2020లో సుప్రీంకోర్టు ఏమంది? ఆ గరిష్ఠ గడువూ దాటాక హైకోర్టు కూడా రిట్‌లో గట్టెక్కించకూడదంది.

లాయర్: సరే, కానీ రిట్ ఉపసంహరణ మెమోలో 'నాట్ ప్రెస్డ్' (ఇక వాదించడం లేదు) అని ఒక్క ముక్క రాసి చేతులు దులుపుకోను. స్వేచ్ఛ అడక్కుండా వెనక్కి తీసుకుంటే అదే ఆర్డరు మీద మళ్లీ రిట్ పనికిరాదని 1986 సర్గూజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు. 107 కింద అప్పీలుకు స్వేచ్ఛ, రిట్ కాలం మినహాయింపు, మెరిట్స్ మీద కోర్టు ఏమీ చెప్పలేదన్న మాట, మూడూ ఆర్డర్లోకి రావాలి. ప్రత్యామ్నాయ మార్గం ఉన్నందుకే వెళ్తున్నామన్న కారణం కూడా రాయాలి, లేకపోతే రేపు 14వ సెక్షన్ మనకు పలకదు.

ఆడిటర్: కోర్టు మొదటిదే, అంటే అప్పీలుకు స్వేచ్ఛ మాత్రమే ఇస్తే?

లాయర్: అప్పుడు రిట్‌లోనే తేల్చుకుంటా.

ఆడిటర్: జూన్ 5కు ముందైతే ఆ ఒక్కటీ చాలు మేడమ్! అప్పీలు ఫారం ఏపీఎల్-01 సిద్ధంగా ఉంది. పోర్టల్‌లోని మన క్యాష్ లెడ్జర్‌లో 90 వేలు సీజీఎస్టీకి, 90 వేలు ఎస్జీఎస్టీకి వేయిస్తా. మొత్తం ఒకే హెడ్‌లో పడితే హెడ్ మార్చే ఫారం పీఎంటీ-09తో మార్చుకుంటూ ఆఖరి రోజు కూర్చోవాల్సి వస్తుంది.

లాయర్: డబ్బు వేయించండి. మెమో మాత్రం నేను రాసిన మాటలతోనే వెళ్తుంది.